రాకెట్ల దీవి చుట్టూ... గడ్డి కథ

శ్రీహరికోట అనగానే ఎవరికైనా గుర్తొచ్చేది రాకెట్. ఎవరూ కట్టేయని, ఎవరూ పాలు పితకని ఆవులు కూడా ఆ దీవిలో ఉన్నాయంటే చాలామంది నమ్మరు. ఈ సీమ పశువుల సంతతి ఒకటి సముద్రాలు దాటి బ్రెజిల్‌లో మొక్కజొన్న పాతర తింటోంది. దీవికి ఇవతల ఒడ్డున, సూళ్లూరుపేట పల్లెల్లోని పశువులు మాత్రం వేసవి వస్తే ఎండుగడ్డితోనే సరిపెట్టుకుంటున్నాయి. ఒకే సీమ పశువులు... మూడు రకాల గాడిలు. ఇంత తేడా ఎక్కడ వచ్చింది?

సరస్సు మీదుగా దారి

చెన్నై నుంచి ఉత్తరంగా ఎనభై కిలోమీటర్ల పైచిలుకు ప్రయాణిస్తే సూళ్లూరుపేట. కాళంగి నది ఒడ్డున చెంగాళమ్మ గుడి ఉన్న ఊరు. రాకెట్ ప్రయోగానికి ముందు ఇస్రో శాస్త్రవేత్తలు వచ్చి దండం పెట్టుకునేది ఈ అమ్మవారికే. ఇక్కడి నుంచి తూర్పుకి తిరిగితే కాసేపటికి ఇళ్లు అయిపోతాయి, పొలాలు అయిపోతాయి. రోడ్డుకు రెండు పక్కలా పులికాట్ సరస్సు మొదలవుతుంది. చిలికా తర్వాత దేశంలో అంత పెద్ద ఉప్పునీటి సరస్సు ఇదే.

చలికాలంలో ఈ దారిన వెళితే నీళ్లలో ఒంటికాలి మీద నిలబడిన ఫ్లెమింగోలు కనిపిస్తాయి. వాటిని చూడటానికే పిల్లాపాపలతో వచ్చేవాళ్లు ఎందరో. కాస్త ఉత్తరంగా నేలపట్టుకు వెళితే చెట్ల మీద గూళ్లు కట్టిన గూడబాతులూ కనిపిస్తాయి. అదే దారిన ఏప్రిల్, మే నెలల్లో వెళితే దృశ్యం పూర్తిగా మారిపోతుంది. సరస్సు ఉత్తర భాగంలో నీళ్లు చాలామేర ఇంకిపోయి, బీటలు వారిన బురదనేల బయటపడుతుంది. దానిమీద తెల్లగా ఉప్పు పేరుకుంటుంది. ఆ అంచుల్లో నాలుగు పరకల కోసం మూతి నేలకు ఆనించి నడిచే గొడ్లను చూస్తే, ఈ ప్రాంతంలో వేసవి అంటే ఏమిటో ఎవరూ చెప్పక్కర్లేదు.

సరస్సు దాటాక వచ్చేదే శ్రీహరికోట. ఒకవైపు పులికాట్, మరోవైపు బంగాళాఖాతం, మధ్యలో సన్నగా సాగిన ఇసుక దీవి. 2022 ఏప్రిల్‌లో జిల్లాల పునర్విభజన జరిగేదాకా ఇది నెల్లూరు జిల్లాలో ఉండేది. ఇప్పుడు తిరుపతి జిల్లా. ఈ కథలో నెల్లూరు పేరుకు చాలా పని ఉంది కాబట్టి ఆ మాట గుర్తుంచుకోవాలి.

మనుషులు వెళ్లారు... పశువులు మిగిలాయి

రాకెట్లు రాకముందు శ్రీహరికోట అంటే కట్టెల దీవి. ఇక్కడి కట్టెలు బకింగ్‌హామ్ కాలువలో పడవల మీద మద్రాసు పొయ్యిల దాకా వెళ్లేవి. సరుగుడు, యూకలిప్టస్ తోటలు, వాటి మధ్య ఏడాది పొడవునా ఆకు రాల్చని సముద్రతీరపు అడవి. ఆ అడవిని ఇంటి పెరడులా ఎరిగినవాళ్లు యానాదులు. ఏ దుంప ఎక్కడ దొరుకుతుందో, ఏ ఆకు ఏ జబ్బుకు పనికొస్తుందో వాళ్లకు కొట్టిన పిండి.

1969లో రాకెట్ ప్రయోగ కేంద్రానికి ఈ దీవిని ఎంపిక చేశారు. తూర్పున అంతా సముద్రమే కాబట్టి ప్రయోగం గురి తప్పినా జనానికి ముప్పు ఉండదు. భూమధ్యరేఖకు దగ్గర కావడంతో తూర్పుకు ఎగిరే రాకెట్‌కు భూభ్రమణం కూడా కలిసొస్తుంది. 43 వేల ఎకరాలకు పైగా భూమిని సేకరించారు. దీవిలోని కుటుంబాలను ఒడ్డుకు తరలించారు. 1971 అక్టోబరు 9న రోహిణి-125 అనే చిన్న రాకెట్‌తో ప్రయోగాలు మొదలయ్యాయి. 2002లో ఈ కేంద్రానికి సతీష్ ధవన్ పేరు పెట్టారు. 2025 జనవరి 29న జీఎస్ఎల్వీ-ఎఫ్15తో ఇక్కడి ప్రయోగాలు వంద పూర్తయ్యాయి.

మనుషులైతే వెళ్లారు. గొడ్లన్నీ వెళ్లలేదు. వెనక మిగిలిపోయినవి అడవి పట్టాయి. ఈనాయి, పెరిగాయి, తరాలు గడిచేసరికి మనిషి అలికిడికి బెదిరే అడవి మందలయ్యాయి. దీవిలోని వృక్షాలను, జంతువులను అధ్యయనం చేసినవాళ్లు దుప్పులతో పాటు ఈ ఆవులనూ లెక్కలోకి తీసుకున్నారు. ఇవి మేలుజాతి ఒంగోలు పశువులేమీ కావు. అప్పటి ఊళ్లలో ఉన్న నాటు గొడ్ల వారసులు.

వీటికి కొట్టం లేదు, గాడి లేదు. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఈశాన్య రుతుపవనాలు కురిస్తే గడ్డి మొలుస్తుంది. అప్పుడు కడుపు నిండుతుంది. ఎండలు ముదిరితే గడ్డి మాడుతుంది. అప్పుడు ఆకూ అలమూ వెతుక్కోవాల్సిందే. వానాకాలంలో మిగిలిన మేతను వేసవికి దాచిపెట్టే చెయ్యి అక్కడ లేదు. ప్రకృతి ఎంత పెడితే అంతే తిండి, ఆ తిండి ఎన్నింటికి సరిపోతే అంతే మంద. పశువు మనిషి కొట్టంలోకి వచ్చి ఏం సంపాదించుకుందో ఈ దీవిని చూస్తే తెలుస్తుంది. దానికి దక్కిన పెద్ద ఆస్తి గడ్డివామి!

సముద్రం దాటిన నెల్లూరు

ఇప్పుడు కాస్త దూరం వెళ్లాలి. మూపురం, గంగడోలు, తెల్లని ఒళ్లు... మనం ఒంగోలు గిత్త అని మురిసిపోయే పశువును ప్రపంచంలో చాలాచోట్ల ‘నెలోర్’ అంటారు. నెలోర్ అంటే మన నెల్లూరే. బ్రిటిష్ కాలంలో ఒంగోలు తాలూకా నెల్లూరు జిల్లాలో ఉండేది. 1904లో గుంటూరు జిల్లాకు, 1970లో ప్రకాశం జిల్లాకు మారింది. అప్పటికే పశువు మాత్రం జిల్లా పేరుతో ఓడెక్కేసింది.

1868లో ఇంగ్లండు వెళ్తున్న ఓడ ఒకటి బ్రెజిల్‌లోని సాల్వడార్ రేవులో ఆగినప్పుడు రెండు ఒంగోలు పశువులు అక్కడ అమ్ముడయ్యాయని బ్రెజిల్ పెంపకందారులు చెప్పుకుంటారు. పదేళ్ల తర్వాత 1878లో రియో డి జనీరో ప్రాంతపు రైతు మనోయెల్ లెంగ్రూబెర్ జర్మనీలోని హాంబర్గ్ జంతుప్రదర్శనశాల నుంచి ఓ జంటను తెప్పించుకున్నాడు. రాకపోకలు అలా పెరుగుతుండగా 1921లో బ్రెజిల్‌లో రిండర్‌పెస్ట్ అనే పశువుల మహమ్మారి బయటపడింది. దాంతో దిగుమతులకు అడ్డుకట్ట పడింది. 1960ల మొదట్లో చివరి పెద్ద విడత వెళ్లినప్పుడు వాటిని నేరుగా ఒడ్డుకు చేర్చలేదు. ఫెర్నాండో డి నొరోన్యా అనే దీవిలో దించి, రోగాలు లేవని తేలాకే దేశంలోకి అనుమతించారు. ఒంగోలు పక్కనున్న కరవది ఊరి పేరుతో ‘కర్వాడి’గా బ్రెజిల్‌లో పేరుకెక్కిన గిత్త ఆ విడతదే.

2023 నాటికి బ్రెజిల్‌లో పశువుల సంఖ్య 23 కోట్లు దాటింది. వాటిలో అత్యధిక భాగం నెలోర్ రక్తమే. అదే ఏడాది వియాటినా-19 అనే నెలోర్ ఆవులో మూడో వంతు వాటాను వేలంలో అమ్మితే, ఆ లెక్కన ఆవు మొత్తం విలువ 2 కోట్ల 10 లక్షల రియాళ్లని తేలింది. అంటే అప్పటి మారకంలో 40 లక్షల డాలర్లకు పైమాటే. ఆ వార్త తెలుగునాట ఇంటింటా చర్చకొచ్చింది. మన ఆవు అక్కడ అంత పలకడమా అని మురిసినవాళ్లు కొందరు, మన జాతిని వాళ్లు ఎగరేసుకుపోయారని నొచ్చుకున్నవాళ్లు కొందరు.

ఇక్కడే ఓ ప్రశ్న వేసుకోవాలి. జాతి ఒక్కటే అంత పని చేసిందా?

పెద్ద గాడి

బ్రెజిల్‌లో నెలోర్‌ను పెంచేది ప్రధానంగా మాంసం కోసం. మన దగ్గర ఆవును పెంచేది పాడికి, ఎద్దును పెంచేది సేద్యానికి. పైగా ఆంధ్రప్రదేశ్‌లో గోవధ నిషేధ చట్టం 1977 నుంచే ఉంది. కాబట్టి పెంపకం ఉద్దేశంలో రెండుచోట్లకీ పోలిక లేదు. కానీ ఏటా ఎదురయ్యే కష్టం మాత్రం ఇద్దరిదీ ఒకటే... వానలు లేని కాలంలో గడ్డి ఉండదు!

బ్రెజిల్ మధ్య పీఠభూమిలో మే నుంచి సెప్టెంబరు దాకా వానలుండవు. ఆఫ్రికా నుంచి వచ్చిన బ్రాకియేరియా గడ్డి మైదానాలన్నీ ఎండి పీచుగా మారతాయి. వానల్లో పెరిగిన బరువును పశువు ఆ పొడి నెలల్లో పోగొట్టుకునేది. దానికి అక్కడివాళ్లు చేస్తున్న ఉపాయాల్లో ముఖ్యమైనది మొక్కజొన్న సైలేజీ. వానాకాలంలో పంట వేస్తారు. కంకితో సహా మొక్క మొత్తాన్ని కోసి, ముక్కలు చేసి, పొడవాటి కందకాల్లో పోసి, ట్రాక్టర్లతో తొక్కించి, పైన ప్లాస్టిక్ పట్టా కప్పేస్తారు. వానలు లేని నెలల్లో తీసి పెడతారు. అమ్మకానికి ముందు గిత్తలను మూడు నెలలకు పైగా దొడ్లలో ఉంచి బలమైన మేత పెట్టే పద్ధతీ ఉంది. అప్పుడు దాణాలో మొక్కజొన్న గింజలది పైచేయి. పీచుకోసం కలిపే మేతల్లో సైలేజీది పెద్ద వాటా.

చిత్రం చూడండి... పశువు మన దగ్గరిది, పచ్చిక ఆఫ్రికాది, మొక్కజొన్న పుట్టింది మెక్సికోలో. మూడింటినీ ఒక గాడి దగ్గరకు చేర్చడమే వాళ్లు చేసిన పని. మనకు వార్తల్లో కనిపించేది పశువు ధర. దాని వెనకున్న గాడి కనిపించదు.

ఇది గడ్డికి ఊరగాయ

సైలేజీని తెలుగులో పాతర గడ్డి అంటారు. ఎంత చక్కటి మాట! ధాన్యాన్ని భూమిలో గొయ్యి తీసి దాచుకోవడం మన తాతలకు కొత్త కాదు. అదే పాతర. ఇంగ్లిషులో సైలో అనే మాటకు మూలం కూడా ధాన్యం దాచే గొయ్యే. 1877లో ఫ్రాన్సుకు చెందిన ఆగస్ట్ గోఫార్ అనే రైతు పచ్చి మొక్కజొన్నను ఇలా పాతరేసే పద్ధతి మీద పుస్తకం రాశాక అది ఐరోపా, అమెరికా అంతటా పాకింది. మేత నిల్వ చేసే రసాయన మార్గంపై చేసిన కృషికి ఫిన్లండు శాస్త్రవేత్త విర్తనెన్‌కు 1945లో నోబెల్ బహుమతే వచ్చింది.

లోపల జరిగేది మన వంటింట్లో జరిగేదే. పాలు తోడుకుని పెరుగయ్యేటప్పుడు పనిచేసే లాక్టిక్ ఆమ్లపు బ్యాక్టీరియా రకాలే ఇక్కడా పనిచేస్తాయి. గాలి తగలకుండా నొక్కిపెడితే అవి మొక్కలోని చక్కెరను తిని పులుపును పుట్టిస్తాయి. ఆ పులుపు పెరిగేకొద్దీ కుళ్లబెట్టే క్రిములు ఆగిపోతాయి. ఆవకాయ జాడీకి మూత సరిగ్గా పెట్టకపోతే బూజు పట్టినట్టే, పాతరలోకి గాలి చొరబడితే గడ్డి కుళ్లుతుంది. అందుకే సైలేజీ గుట్టంతా రెండు మాటల్లో ఉంది... గట్టిగా తొక్కాలి, గాలి చొరకుండా కప్పాలి.

కోత సమయమూ ముఖ్యమే. కంకి లేతగా ఉన్నప్పుడు కోస్తే నీరెక్కువై రసం కారిపోతుంది. ముదిరితే ఎంత తొక్కినా అణగదు. గింజను గోటితో గిచ్చినప్పుడు పాలు చిమ్మకుండా పిండి ముద్దలా ఉండాలి. అదే అదను. ఒకటి రెండు సెంటీమీటర్ల ముక్కలు కొట్టి గుప్పెట్లో పిసికితే నీళ్లు కారకూడదు, గుప్పెట తెరిస్తే ముద్ద మెల్లగా విడిపోవాలి. మొక్కజొన్నలో చక్కెర సరిపడా ఉంటుంది కాబట్టి బెల్లపు మడ్డి కలపకపోయినా ఫరవాలేదు. నెలన్నర ఆగి తెరిస్తే పసుపు కలిసిన ఆకుపచ్చ రంగులో, కమ్మటి పుల్లని వాసనతో ఉంటుంది.

ఒడ్డున ఏం జరుగుతోంది?

మళ్లీ పులికాట్ ఒడ్డుకు వద్దాం. నెల్లూరు సీమ అంటే వరి. వరి ఉన్నచోట గడ్డికి కరవేముంది అనిపిస్తుంది. కానీ వరిగడ్డి కడుపు నింపుతుందే తప్ప ఒంటికి పట్టేది తక్కువ. అందులో మాంసకృత్తులు నాలుగు శాతానికి అటూఇటూగా ఉంటాయి. దూడ ఎదగాలన్నా, చూలు ఆవు నిలదొక్కుకోవాలన్నా, పాడి తగ్గకుండా ఉండాలన్నా అది చాలదు. ఆపైన కోత యంత్రాలొచ్చాక గడ్డి పొలంలోనే చెల్లాచెదురై, వానకు తడిసి పాడవుతోంది. కొడవలితో కోసి, కుప్పనూర్చి, వామి వేసిన రోజుల్లో ప్రతి ఇంటి వెనకా కనిపించిన గడ్డివాములు ఇప్పుడు ఎన్నున్నాయి?

చిత్తూరు వైపు పరిస్థితి కొంత వేరు. అక్కడ బతుకుతెరువే పాడి. సంకర జాతి ఆవులకు పచ్చిమేత లేకపోతే సాయంత్రానికి పాలక్యాన్‌లో తేడా తెలిసిపోతుంది. అందుకే అక్కడ మేత కోసమే మొక్కజొన్న వేసేవాళ్లున్నారు, గట్టిగా చుట్టిన సైలేజీ మూటలు కొనేవాళ్లున్నారు. కరవు ఏళ్లలో ప్రభుత్వం రాయితీ మీద పాతర గడ్డిని సరఫరా చేసిన సందర్భాలూ ఉన్నాయి. తిరుపతిలో 2005 నుంచి పశువైద్య విశ్వవిద్యాలయమే ఉంది. తెలియక కాదు, చేతికి అందక!

పులికాట్ అంచు పల్లెలకు ఇంకో ఇబ్బంది. ఉప్పు తగిలిన నేలలో మొక్కజొన్న సరిగా ఎదగదు. నాలుగడుగులు తవ్వితే నీరూరే చోట గొయ్యి తీస్తే పాతర గడ్డి కాస్తా బురద అవుతుంది. అలాంటిచోట గోతిని వదిలి నేల మీదే పట్టా పరిచి కుప్పగా తొక్కొచ్చు. గట్టి ప్లాస్టిక్ డ్రమ్ములు, మందపాటి సంచులూ పనికొస్తాయి. పంటకు మాత్రం మంచినీటి బోరో, చెరువో ఉన్న మెట్ట చెక్క కావాలి.

రెండు ఆవుల లెక్క

బ్రెజిల్ కందకాలు వేల పశువులకు. మన ఇంటికి ఎంత కావాలి? రెండు ఆవులకు రోజుకు తలా 15 కిలోల చొప్పున వంద రోజులకు మూడు టన్నులు. నీరున్న నేలలో ఎకరాకు 15 టన్నుల పచ్చిమేత వస్తుందనుకుంటే, వృథా కూడా కలిపి పాతిక సెంట్లు చాలు. ఎనిమిదడుగుల పొడవు, ఏడడుగుల వెడల్పు, నాలుగడుగుల లోతున్న గొయ్యిలో బాగా తొక్కితే ఆ మూడు టన్నులూ పడతాయి. ఆ కొలత చూస్తే భయపడేంత పనేమీ కాదని తెలుస్తుంది. కష్టమల్లా పచ్చి పంటను ఒకట్రెండు రోజుల్లో కోసి, ముక్కలు చేసి, తొక్కేయడంలో ఉంది. ముక్కలు కొట్టే యంత్రం ప్రతి ఇంటికీ అక్కర్లేదు. పదిళ్లు కలిస్తే ఒకటి సరిపోతుంది.

అలాగని పాతర గడ్డి ఒక్కటే పెడితే సరిపోదు. బలం ఉంటుంది గానీ మాంసకృత్తులు అందులోనూ తక్కువే, ఏడెనిమిది శాతం. వేరుశనగ చెక్కో, పిల్లిపెసర లాంటి పప్పుజాతి మేతో తోడుండాలి. కొద్దిగా ఎండుగడ్డీ ఉండాలి. మొదటిరోజే గాడి నింపేయకుండా నాలుగైదు కిలోలతో మొదలుపెట్టి వారం పది రోజుల్లో పెంచాలి. పాలు పితికాక పెడితే పాలకు ఆ వాసన పట్టదు. ఒకసారి తెరిచాక రోజూ ఒక పక్క నుంచి కోసినట్టు తీసి మళ్లీ కప్పాలి. బూజు పట్టిన ముద్దలను మొహమాటం లేకుండా పారేయాలి. చూలు ఆవుకు అవి అసలే పెట్టకూడదు. లోతైన పాతర నింపిన మొదటి రోజుల్లో విషవాయువులు పుడతాయి కాబట్టి అందులోకి పిల్లలను దిగనివ్వకూడదు.

అన్నిటికీ కౌంట్‌డౌన్ ఉంది

మన జాతి బయటికెళ్లి బాగుపడిందన్న బాధ తెలుగువాళ్లకు ఎప్పటినుంచో ఉంది. ఇంట్లో జాతిని కాపాడే ప్రయత్నాలూ ఉన్నాయి. గుంటూరు దగ్గర లాంలో, ప్రకాశం జిల్లా చదలవాడలో, నెల్లూరు జిల్లా చింతలదేవిలో ఒంగోలు జాతి కోసం కేంద్రాలు నడుస్తున్నాయి. వాటిలో మేలైన దూడలు పుట్టొచ్చు. ఆ దూడ రైతు కొట్టంలోకి వచ్చాక మొదటి వేసవిలోనే ఎముకల గూడైతే, దాని రక్తంలో ఎంత మంచి గుణం ఉండి ఏం లాభం?

శ్రీహరికోటలో రాకెట్ ఎగిరే రోజున సందర్శకుల గ్యాలరీ నిండిపోతుంది. 2019లో ప్రజల కోసం తెరిచిన ఆ గ్యాలరీకి ముందుగా ఇస్రో వెబ్‌సైట్‌లో పేరు నమోదు చేసుకుని ఎక్కడెక్కడి నుంచో వస్తారు. నిప్పులు కక్కుతూ లేచే ఆ నిమిషం వెనక నెలల తరబడి వెనక్కి లెక్కపెట్టుకుంటూ చేసిన పని ఉంటుంది. మేతకూ అలాంటి లెక్కే ఉంది. ఏప్రిల్ మధ్యలో గాడిలో పచ్చిమేత పడాలంటే ఫిబ్రవరి ఆఖరుకు పాతర మూయాలి. ఫిబ్రవరి ఆఖరుకు కంకి పిండి పట్టాలంటే డిసెంబరు మొదట్లో విత్తనం పడాలి. అంటే మే ఎండలో పశువు ఏం తింటుందన్నది మేలో తేలదు. పులికాట్ నిండుగా ఉండి, ఎటుచూసినా పచ్చగా కనిపించి, గడ్డి గురించి ఎవరికీ దిగులే లేని కార్తీక మాసంలోనే తేలిపోతుంది!